గీత చెప్పినట్టు గోడ

తాపీమేస్త్రీ గోడ కడతాడు, వడ్రంగి తలుపు చేస్తాడు. ఆర్కిటెక్టు ఈ రెండూ చేయడు, గీస్తాడు. శిల్పి ఉలి రాతి మీదే పడుతుంది, చిత్రకారుడి కుంచె గుడ్డ మీదే ఆడుతుంది. ఆర్కిటెక్టు చెయ్యి మాత్రం తాను తలపెట్టిన కట్టడాన్ని తాకదు, మధ్యలో కాగితం ఉంటుంది. అందరికీ తెలిసిన ఈ సంగతిలో ఎవరూ రాయని చరిత్ర ఉందని పసిగట్టిన పండితుడు ఇంగ్లండుకు చెందిన రాబిన్ ఎవాన్స్. కొన్నాళ్లు ఒక ఆర్ట్ కాలేజీలో పాఠాలు చెప్పినప్పుడు ఈ తేడా తన కంటపడిందని ఆయనే రాసుకున్నారు.

1944లో పుట్టిన ఎవాన్స్ లండన్‌లోని ఆర్కిటెక్చరల్ అసోసియేషన్ స్కూల్లో చదివారు. ఆయన దృష్టి మొదట జైళ్ల మీద పడింది. కావలివాడు నడుమ కూర్చుని చుట్టూ ఉన్న ఖైదీలందరినీ చూడగలిగేలా జెరెమీ బెంథామ్ ఊహించిన పనాప్టికాన్ గురించి 1971లోనే వ్యాసం రాశారు. మిషెల్ ఫూకో పుస్తకంతో ఆ జైలు లోకమంతటికీ తెలిసింది 1975లో. 1750 నుంచి 1840 దాకా ఇంగ్లండులో కట్టిన జైళ్ల మీద ఎవాన్స్ గ్రంథం 1982లో వెలువడింది. గోడ ఎక్కడ పెడితే మనిషి ఎలా మారతాడని ఆనాటి సంస్కర్తలు నమ్మారో తెలుసుకున్నాక, మామూలు ఇంటి ప్లాన్ కూడా ఆయనకు మామూలుగా కనిపించలేదు.

1978లో రాసిన వ్యాసంలో ఆ చూపు స్పష్టంగా తెలుస్తుంది. రోమ్‌లో రఫేల్ రూపొందించిన విల్లా మదామాలో ఒక్కో గదికి ఎన్నో తలుపులు, గదిలోంచి గదిలోకే దారి. ఎవరు ఎటు వెళ్లినా మరొకరికి ఎదురుపడాల్సిందే. 17వ శతాబ్దపు ఇంగ్లండుకు వచ్చేసరికి కోల్స్‌హిల్ భవనంలో ఇంటి పొడవునా కారిడార్ వచ్చింది. పనివాళ్లు ఒక దారిన, యజమానులు మరో దారిన తిరగసాగారు. రఫేల్ చిత్రాల్లో మనుషులు ఒకరినొకరు ఆనుకుని, పెనవేసుకుని ఉండటాన్నీ ఆనాటి గదుల అమరికనూ ఎవాన్స్ పక్కపక్కన పెట్టి చదివారు. మండువా లోగిళ్లలో పెరిగినవాళ్లకు ఈ వాదన విడమర్చి చెప్పనక్కర్లేదు.

1986లో అచ్చయిన 'డ్రాయింగ్ నుంచి భవనానికి' వ్యాసం ఆయనకు ఎక్కువ పేరు తెచ్చింది. అందులో ఆయన ఒక పాత కథను ఎత్తుకున్నారు. ఊరు విడిచి వెళ్లబోతున్న ప్రియుడి నీడను గోడ మీద గీసుకున్న అమ్మాయితో చిత్రకళ పుట్టిందని రోమన్ రచయిత ప్లీనీ చెప్పాడు. డేవిడ్ అలన్ అనే చిత్రకారుడు ఆ ఘట్టాన్ని గదిలో, దీపం వెలుగులో, ఇద్దరి ఏకాంతంగా చిత్రించాడు. 1830లో అదే కథకు బొమ్మ వేసిన షింకెల్ మాత్రం ఆర్కిటెక్టు కూడా. ఆయన బొమ్మలో గది లేదు. ఆరుబయట, ఎండలో, నలుగురూ చూస్తుండగా నీడ బండరాతి మీద పడుతుంది. గీత పుట్టకముందే నాలుగు గోడలు ఎలా ఉంటాయి? చిత్రకారుడికి తట్టని ఈ ప్రశ్న ఆర్కిటెక్టుకు తట్టిందని ఎవాన్స్ వివరణ. ఒక బొమ్మలో నేపథ్యాన్ని ఇంత శ్రద్ధగా చదవడం నాకు ఎంతో ఇష్టం.

ఆ వ్యాసంలోనే ఆయన పారిస్‌కు పడమటనున్న ఆనె కోట ప్రార్థనాలయంలోకి తీసుకెళతారు. 16వ శతాబ్దం నడుమ ఫిలిబేర్ దెలోర్మ్ కట్టిన ఆ గుమ్మటం లోపలంతా మెలికలు తిరిగిన రాతి పట్టీల అల్లిక. దాని కింద నేల మీద కూడా అలాంటి అల్లికే. పై అల్లికను తిన్నగా కిందికి దించితే నేల మీది అల్లిక వస్తుందని దెలోర్మ్ తన పుస్తకంలో చెప్పుకున్నాడు. తర్వాతివాళ్లు ఆ మాటే నమ్మారు. ఎవాన్స్ నమ్మి ఊరుకోక గీతలు ఎక్కడెక్కడ ఒకదాన్నొకటి కోసుకుంటున్నాయో లెక్కపెట్టారు. పైలెక్కా కిందిలెక్కా కలవలేదు. అయినా దెలోర్మ్ ప్రతిభ ఆయన కంట తగ్గలేదు, ఇంకా పెరిగింది. చదునైన కాగితం మీది వృత్తాల్ని అర్ధగోళం మీదికి ఎక్కిస్తే, ఊహతోనో చేతివాటంతోనో ఎన్నటికీ దొరకని వంపు వస్తుంది. అంటే ఆ అందం మనసులో ముందే పుట్టి కాగితం మీదికి దిగింది కాదు, గీసే పద్ధతిలోంచే పుట్టింది.

కాగితం ఇచ్చినట్టే అడ్డుపడుతుంది కూడా. 18వ శతాబ్దంలో ఇంగ్లండు డిజైనర్లు గదిని గీయడానికి నడుమ ప్లాన్ వేసి, నాలుగు గోడల్నీ విప్పి దాని చుట్టూ పరిచేవారు. అలా గీస్తే కనిపించేది గోడలే. కాబట్టి నగిషీ అంతా గోడలకే పోయింది, కుర్చీలూ బల్లలూ గోడకే అతుక్కున్నాయి, గది నడుమ ఖాళీ మిగిలింది. 19వ శతాబ్దం మొదట్లో జనం నిప్పుగూడు దగ్గరా బల్లల చుట్టూ చిన్న చిన్న గుంపులుగా కూర్చోవడం మొదలుపెట్టాక సామాను నడిమికి వచ్చింది. ఆ కొత్త అలవాటుతో పాత డ్రాయింగ్ పద్ధతి పనికిరాకుండా పోయింది. మనం సోఫా ఎక్కడ వేసుకోవాలో కూడా గీసే పద్ధతి నిర్ణయించగలదని ఎవాన్స్ 1989లో ఇలా నిరూపించారు. మున్సిపాలిటీ ఆమోదం కోసం ప్లాన్ గీయించుకునేటప్పుడు గదుల కొలతలు తప్ప మరేదీ అడగని మన ఇళ్లకూ ఈ మాట గట్టిగా తగులుతుంది.

లండన్‌లోనూ హార్వర్డ్‌లోనూ పాఠాలు చెప్పిన ఎవాన్స్ 1993లో, యాభై ఏళ్లు నిండకముందే, కన్నుమూశారు. గుమ్మటాల నుంచి లె కార్బూజియే కట్టిన రోన్‌షాన్ చర్చి దాకా జ్యామితి చేసిన పనిని పరిశీలించిన 'ది ప్రొజెక్టివ్ కాస్ట్' 1995లో వచ్చింది. చేతికి తోచినట్టు మలిచినట్టుండే రోన్‌షాన్ కప్పు వెనుక కూడా తిన్నని గీతల లెక్క ఉందని అందులో చూపారు. విడివిడి వ్యాసాలు 1997లో పుస్తకంగా వచ్చాయి.

కొత్తగా చదవబోయేవాళ్లు ఆ సంపుటిలోని బార్సిలోనా పెవిలియన్ వ్యాసంతో మొదలుపెట్టాలని నా సూచన. మీస్ వాన్ డెర్ రో 1929లో కట్టిన ఆ మంటపాన్ని మరుసటి ఏడే విప్పేశారు, 1986లో మళ్లీ అక్కడే నిలబెట్టారు. ఎడమా కుడీ పొంతన లేని కట్టడమని అందరూ మెచ్చిన చోట ఎవాన్స్ మరో పొంతన కనిపెట్టారు. తాను తీసుకున్న స్లైడ్లలో నేలేదో కప్పేదో తేల్చుకోవడం కష్టమైంది. రాతినేల వెలుగును పైకి విసురుతుంది, తెల్లని కప్పు దాన్ని అందుకుంటుంది, రెండూ దాదాపు ఒకే కాంతితో కనిపిస్తాయి. ఓనిక్స్ గోడలో రాళ్లు కలిసే అడ్డగీత సరిగ్గా నిలబడ్డ మనిషి కంటి ఎత్తులో ఉంది. ఆ గీతకు పైసగం, కిందిసగం ఒకదానికొకటి అద్దంలా ఉన్నాయి. ఫొటోను తలకిందులు చేసి చూడమన్నారు ఎవాన్స్.