జెరెమీ ఐజాక్స్

బ్రిటిష్ టెలివిజన్ డాక్యుమెంటరీ నిర్మాత. 1932లో స్కాట్లండ్‌లోని గ్లాస్గోలో జన్మించారు. ఆక్స్‌ఫర్డ్‌లో ప్రాచీన గ్రీకు, లాటిన్ సాహిత్యం చదివి, 1958లో గ్రనాడా టెలివిజన్‌లో చేరారు. తరువాత కొంతకాలం బీబీసీ 'పనోరమా' కార్యక్రమాన్ని నడిపారు.

ఆయన పేరు నిలిపింది థేమ్స్ టెలివిజన్‌కు నిర్మించిన 'ద వరల్డ్ ఎట్ వార్'. రెండో ప్రపంచ యుద్ధంపై 26 భాగాల ఈ ధారావాహిక 1973 అక్టోబరులో మొదలై 1974 మేలో ముగిసింది. వ్యాఖ్యానం నటుడు లారెన్స్ ఒలివియర్‌ది, సంగీతం కార్ల్ డేవిస్‌ది. సేనానుల, మంత్రుల మాటలతో సరిపెట్టకుండా మామూలు సైనికులను, పౌరులను, నిర్బంధ శిబిరాల నుంచి బతికి బయటపడ్డవారిని, నేతల దగ్గర పనిచేసినవారిని కెమెరా ముందు కూర్చోబెట్టారు. హిట్లర్ కార్యదర్శి ట్రౌడల్ యుంగే వారిలో ఒకరు. నాటి సాక్షులు ఇంకా జీవించి ఉన్న కాలం కావడం కలిసొచ్చింది. ఇవాళ ఎంత డబ్బు పోసినా అలాంటిది మళ్లీ తీయడం సాధ్యం కాదు.

1982లో ప్రసారాలు ప్రారంభించిన చానల్ 4కు ఐజాక్సే తొలి ముఖ్య కార్యనిర్వహణాధికారి. అక్కడి నుంచి లండన్ రాయల్ ఒపేరా హౌస్‌కు వెళ్లారు. 1996లో సర్ బిరుదు లభించింది. సీఎన్ఎన్ అధినేత టెడ్ టర్నర్ ప్రోద్బలంతో మళ్లీ డాక్యుమెంటరీకి వచ్చి నిర్మించిన 24 భాగాల 'కోల్డ్ వార్' 1998లో ప్రసారమైంది.