జియావోజి పూర్ణం (పంది మాంసం, పుట్టగొడుగులు)

ఉత్తర చైనాలో చాంద్రమాన నూతన సంవత్సరానికి ప్రత్యేకంగా చేసుకునే జియావోజి కుడుముల్లో పెట్టే ఉప్పటి పూర్ణాల్లో ఇదొకటి. కొవ్వు దాదాపు 30 శాతం ఉన్న పంది మాంసం కైమా, నానబెట్టి తరిగిన ఎండు షిటాకే పుట్టగొడుగులు, అల్లం, ఉల్లికాడలు, సోయా సాస్, నువ్వుల నూనె ఇందులో వాడతారు. దినుసులు కొద్దిపాటివే కాబట్టి, రుచంతా వాటిని కలిపే పద్ధతిలోనే ఉంటుంది. కైమాలో ముందుగా ఉప్పు వేసి కలిపితే మాంసంలోని మయోసిన్ అనే ప్రోటీన్ కరిగి జిగురుగా మారుతుంది. ఆ జిగురు, పుట్టగొడుగులు నానిన నీటిని కొద్దికొద్దిగా పోస్తూ ఉంటే పీల్చుకుంటుంది. ఉడికాక పూర్ణం పొడిబారకుండా రసం ఊరేది అందుకే. ఒకే దిక్కుగా తిప్పాలన్నది వంటవారి సంప్రదాయం. అయితే జిగురు పుట్టించేది దిక్కు కాదు, ఉప్పూ ఎడతెగని కలపడమూ.

తాజా పుట్టగొడుగులు ఉండగా ఎండువి ఎందుకని అడగవచ్చు. తాజావాటిలో నీరు ఎక్కువ. అది ఊరి పిండి రేకును నానబెడుతుంది. పైగా ఎండినవాటిని నానబెట్టి వేడిచేసినప్పుడు గ్వానిలేట్ అనే రుచినిచ్చే పదార్థం సమృద్ధిగా ఏర్పడుతుంది. షిటాకే రుచికి ఇదే మూలమని జపాన్ శాస్త్రవేత్త అకిరా కునినాకా 1957లో గుర్తించాడు. సోయా సాస్‌లోని గ్లుటమేట్‌తో ఇది కలిస్తే, విడివిడిగా ఇచ్చే రుచుల మొత్తాన్ని మించిన గాఢమైన ఉమామి అనే కమ్మదనం పుడుతుంది. కాబట్టి నానిన నీటిని పారబోయడమంటే రుచిలో చాలా భాగాన్ని వదులుకోవడమే. అడుగున చేరే ఇసుక పోయేలా దాన్ని వడకడితే చాలు.