ప్రతివాదికి వాదించే అనుమతి: ఒక చరిత్ర

విజయవాడ వద్ద కృష్ణా ఆనకట్ట పూర్తయిన 1855లోనే ఇంగ్లండులో వినిమయ బిల్లులు, ప్రామిసరీ నోట్లపై సంక్షిప్త దావాల చట్టం వచ్చింది. ఇది కాకతాళీయమే. మన 1908 సివిల్ ప్రక్రియా స్మృతిలో ఆ పద్ధతి 37వ ఆర్డరుగా చేరినా, ప్రధానంగా మద్రాసు వంటి హైకోర్టులకే పరిమితమైంది. 1976 సవరణతోనే డెల్టాలోని సాధారణ సివిల్ కోర్టులకు విస్తరించింది.

పంట అమ్మి బాకీ తీర్చి, నోటు వెనుక చెల్లు వేయించుకోని రైతును ఊహించండి. సమన్లు అందిన 10 రోజుల్లో అతడు హాజరు కావాలి. తీర్పు కోరుతూ వాది మళ్లీ సమన్లు పంపాక, మరో 10 రోజుల్లో అఫిడవిట్‌తో వాదించే అనుమతి అడగాలి. అతని వాదనలో పస లేదనో, వేధించడానికే అనో తేలితే తప్ప కోర్టు నిరాకరించరాదు. గడువు దాటి, తగిన కారణం చూపలేకపోతే మాత్రం వాదికి వెంటనే డిక్రీ.