కారుణ్యం కింద కొలువు

1977 అక్టోబరు 3న ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ సాధారణ పరిపాలన శాఖ ఒక జీవో ఇచ్చింది. నంబరు 687. అప్పుడు ముఖ్యమంత్రి జలగం వెంగళరావు. సర్వీసులో ఉండగా చనిపోయిన ఉద్యోగి ఇంట్లో ఒకరికి, మామూలు నియామకాల పోటీతో పనిలేకుండా, చిన్న కొలువు ఇవ్వొచ్చన్నది దాని సారం. 1980లో జీవో 504 వచ్చింది. జబ్బుచేసి ఇక పనికిరారని డాక్టర్లు తేల్చిన ఉద్యోగుల ఇళ్లకూ ఆ వీలు కల్పించింది. ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్లో పనిచేసినవాళ్లకు ఈ రెండు నంబర్లూ నోటికొచ్చు.

పెద్దకర్మ అయీ కాకముందే ఆఫీసు నుంచి వచ్చినవాళ్లు చెప్పే మాట ఒకటుంటుంది: "ఏడాది దాటనివ్వకండమ్మా, అప్లికేషన్ పెట్టేయండి." ఇక కాగితాల వేట. డెత్ సర్టిఫికెట్, తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, ఇంట్లో సంపాదించేవాళ్లు లేరన్న పత్రం, మిగతావాళ్లు తమకు అభ్యంతరం లేదని రాసిచ్చే అఫిడవిట్. ఆ చివరి కాగితం దగ్గరే చాలా ఇళ్లలో పేచీ. అమ్మ చేరాలా, పెద్దోడు చేరాలా? చదువుంటే జూనియర్ అసిస్టెంటు, లేకుంటే అటెండరు. పిల్లాడు మైనరైతే తండ్రి పోయిన రెండేళ్లలోపు పద్దెనిమిది నిండాలి. పెళ్లయిన కూతురి సంగతి మరీ చిక్కు. 1999 నాటి జీవో 350 ప్రకారం ఆమెకు తోబుట్టువులు ఉండకూడదు, తల్లి తనకు ఉద్యోగం వద్దనాలి, ఆమె తండ్రి మీదే ఆధారపడి ఉండాలి. కొడుక్కి పెళ్లయిందా అని మాత్రం ఎవరూ అడగరు.

రాజ్యాంగం 16వ అధికరణం ప్రభుత్వ కొలువుల్లో అందరికీ సమాన అవకాశం ఉండాలంటుంది, వంశాన్ని బట్టి ఇవ్వకూడదంటుంది. మరి ఈ కారుణ్య నియామకం ఎలా నిలిచింది? ఇంటి పెద్ద హఠాత్తుగా పోతే పొయ్యి ఆరిపోకూడదన్న ఒక్క కారణం మీద. 1989లో సుప్రీంకోర్టు ముందుకు సరిహద్దు రోడ్ల సంస్థ స్టోర్‌కీపర్ భార్య కేసు వచ్చింది. భర్త పోయిన 1982లోనే ఆమె దరఖాస్తు పెట్టుకుంది, పరీక్షా పాసైంది, ఉద్యోగం మాత్రం రాలేదు. ఇలాంటి నియామకాల్లో జాప్యం పనికిరాదని, ఖాళీ లేకపోతే అదనపు పోస్టు సృష్టించైనా ఇవ్వాలని కోర్టు చెప్పింది. అయిదేళ్లకు, 1994లో, హర్యానా నుంచి వచ్చిన ఒక కేసులో అదే కోర్టు తలుపు కాస్త మూసింది. ఇది హక్కు కాదు, మూడో నాలుగో తరగతి పోస్టులకే పరిమితం, ఏళ్లు గడిచి కుటుంబం నిలదొక్కుకున్నాక అడగడం కుదరదు అంది.

రెండు తీర్పులూ విడివిడిగా సబబే. కలిపి చదివితేనే ఇబ్బంది. ఫైలు టేబుళ్ల మధ్య నాలుగేళ్లు తిరిగితే, అన్నాళ్లు ఎలాగో బతికారు కనుక ఇక అవసరం తీరిపోయిందనే వాదనకు దారి దొరుకుతుంది. ఆలస్యం చేసింది ఆఫీసు, మూల్యం చెల్లించేది ఇల్లు. నాకిది న్యాయంగా తోచదు.

మన జీవో 504ను హైకోర్టు కొట్టేస్తే, 2008లో సుప్రీంకోర్టు నిలబెట్టింది. మంచాన పడ్డ మనిషి ఇంట్లో జీతం ఆగడమే కాదు, మందుల ఖర్చూ ఉంటుంది కదా. అయితే ఇంకా అయిదేళ్ల సర్వీసు మిగిలి ఉండాలన్న షరతునూ ఒప్పుకుంది. రిటైర్మెంటు ముంగిట కొలువు కొడుక్కి అప్పగించే ఎత్తులకు అడ్డుకట్ట అది.

కొలువు వారసత్వంగా మారుతుందన్న ఆ భయం ఊరికే పుట్టలేదని సింగరేణి బొగ్గు సంస్థను చూస్తే తెలుస్తుంది. 2016 చివర్లో అక్కడ వారసత్వ ఉద్యోగాలకు నోటిఫికేషన్ ఇచ్చారు. 2017లో హైకోర్టు దాన్ని రద్దు చేసింది, సుప్రీంకోర్టులోనూ ఊరట దొరకలేదు. ఆ తర్వాత అదే కోరిక కారుణ్య నియామకాల పేరుతో మెడికల్ బోర్డు తలుపు తట్టింది. బోర్డు 'అన్‌ఫిట్' అంటేనే కొడుక్కి దారి. 'ఫిట్' అన్నారంటే, బొగ్గుబావుల్లో ఒళ్లు హూనం చేసుకున్న కార్మికుడికి అది చెడ్డ కబురు.