డాన్యూబ్ ఒడ్డున కరాడి

హంగేరీ టాకీలకు తొలి పెద్ద విజయం 1931లో 'హిప్పోలిత్' అనే హాస్యచిత్రంతో దక్కింది. ఆ తరువాత కొన్నేళ్లపాటు అక్కడి నిర్మాతలు ప్రేక్షకులను నవ్వించే కథల మీదే ఎక్కువగా ఆధారపడ్డారు. కథానాయిక అంటే చలాకీగా మాట్లాడే పిల్ల, ఆఖరి రీల్లో పెళ్లి. 1939 డిసెంబరులో విడుదలైన 'హలాలోష్ తవస్' ఈ వరస మార్చేసింది. ఇందులో పెళ్లి కుదిరిన యువకుడు, తనను కాదని వెళ్లిన ఎడిత్ మళ్లీ కనిపించేసరికి తట్టుకోలేక తుపాకీతో కాల్చుకుని చనిపోతాడు. అప్పటికే పేరున్న నటుడు పాల్ యావోర్ నాయకుడు. ఎడిత్‌గా నటించిన కటాలిన్ కరాడికి మాత్రం ఇదే మొదటి సినిమా.

ఆమె 1910లో బుడాపెస్ట్ శివారు కోబాన్యలో పేద కుటుంబంలో పుట్టింది. తండ్రి చెప్పులు కుట్టేవాడు. ఇంటిపేరు కంజ్‌లర్. కరాడి అన్న పేరు, దానితోపాటు తొలి ప్రచారం, జోల్తాన్ ఎగ్యెద్ అనే పత్రికా రచయిత పుణ్యం. అయితే ఎగ్యెద్ పేరు మాత్రమే ఇవ్వగలిగాడు, గొంతు ఆమె సొంతం. కథానాయికల గొంతు సన్నగా, తీయగా ఉండాలనుకునే రోజుల్లో ఆమెది మగగొంతుకు దగ్గరైన మంద్రస్వరం. ఆ స్వరంతో నింపాదిగా పాడిన పాటలు సినిమా హాలు దాటి రికార్డులుగా ఇళ్లలోకి చేరాయి. ఆడవాళ్లు ఆమెలా జుట్టు దువ్వుకున్నారు. తరువాతి తొమ్మిదేళ్లలో ఆమె సుమారు ఇరవై చిత్రాల్లో నటించింది.

మగవాళ్లను నాశనం చేసే మోహిని అన్న ముద్ర ఆమె మీద బలంగా పడింది. ఆ ముద్ర ఆమెకు చేసిన అన్యాయం తక్కువది కాదు. రచయిత జిలాహి నవల ఆధారంగా తీసిన 'వలమిత్ విజ్ అ వీజ్'లో ఆమె నదిలోంచి ఒక జాలరి ఇంటికి చేరే అపరిచితురాలు. ఎక్కువ మాటలు లేకుండానే ఒక కాపురమంతా కదిలిపోయేలా నటించిన ఆ పాత్ర చూస్తే, కరాడి కేవలం అందమూ పాటా కాదని ఒప్పుకోక తప్పదు.

'మచీతా'లో ఆమె వేసింది గూఢచారి వేషం. 1944 మార్చిలో జర్మన్ సైన్యం హంగేరీని ఆక్రమించింది. ఏప్రిల్లో గెస్టపో ఆమెను నిజంగానే గూఢచర్యం ఆరోపణ మీద పట్టుకుపోయింది. ఆమె ప్రేమించిన ఇష్ట్వాన్ ఉయ్‌సాసి హంగేరీ సైనిక గూఢచార విభాగానికి అధిపతిగా పనిచేసినవాడు. మిత్రరాజ్యాలకు రహస్యాలు అందించిందని ఆమెను కొట్టి, హింసించి, నెలల తరబడి జైల్లో ఉంచారు.

బయటపడ్డాక ఆమె తలదాచుకుని ఊరుకోవచ్చు. ఎవరూ తప్పుపట్టేవారు కాదు. కానీ అదే ఏడాది చివర్లో హంగేరీ నాజీ పక్షమైన యారో క్రాస్ ముఠాలు యూదులను డాన్యూబ్ ఒడ్డున నిలబెట్టి కాల్చి నదిలో తోస్తున్నప్పుడు, ఆమె తన నగలూ బంగారమూ వాళ్ల చేతిలో పోసి పిల్లలను విడిపించింది. యుద్ధం ముగిసేదాకా వాళ్లను తన ఇంట్లోనే దాచింది. తెర మీద వేసిన ఏ పాత్రకూ ఇంత ధైర్యం అవసరం కాలేదు.

యుద్ధం పోయాక కూడా ఆమెకు మంచి రోజులు రాలేదు. ఉయ్‌సాసి సోవియట్ల చేతిలో బందీ అయ్యాడు, ఆమె జీవితంలోకి మళ్లీ రాలేదు. 1948లో ప్రభుత్వం సినిమా పరిశ్రమను జాతీయం చేసింది. మోరిజ్ నవల ఆధారంగా వచ్చిన 'ఫొర్రో మెజోక్' ఆమె ఆఖరి చిత్రం. పాత చిత్రాలు హాళ్లలోంచి మాయమయ్యాయి, కొత్త వేషాలు రాలేదు. 1951లో ఆమె సరిహద్దు దాటి ఆస్ట్రియా చేరింది. అక్కడినుంచి బ్రెజిల్ వెళ్లి సావో పాలోలో టోపీల దుకాణం పెట్టుకుంది. 1968లో న్యూయార్క్ చేరాక కూడా అదే వ్యాపారం. నలభై ఏళ్లకే కెమెరాకు దూరమైన నటి, మిగిలిన సగం జీవితం టోపీల మీద గడిపింది.

డెబ్బయ్యో పుట్టినరోజుకు బుడాపెస్ట్ పిలిచినా ఆమె వెళ్లలేదని, తనకు బదులు ఒక టోపీ పంపిందని అభిమానులు చెప్పుకుంటారు. 1990 ఫిబ్రవరిలో ఆమె న్యూయార్క్‌లో కన్నుమూసింది. భౌతికకాయాన్ని స్వదేశానికి తెచ్చి ఫర్కష్‌రేత్ శ్మశానంలో ఖననం చేశారు. 2001లో పీటర్ బాచో ఆమె జీవితం ఆధారంగా సినిమా తీశాడు. 2004లో ఇజ్రాయెల్ సంస్థ యాద్ వషెమ్, యూదులను కాపాడిన ఇతర మతస్థులకు ఇచ్చే గౌరవాన్ని ఆమెకు మరణానంతరం ప్రకటించింది.