గద్దర్ గొంతులో యాదగిరి పాట

జీడిమెట్ల పారిశ్రామికవాడ నుంచి సుచిత్ర చౌరస్తా దాటి తూర్పుకు వెళ్తే అల్వాల్. ఆ పక్కనే వెంకటాపురం, భూదేవినగర్. గద్దర్ ఏళ్ల తరబడి కాపురమున్న ఊరు అది. 2023 ఆగస్టు 6న ఆయన కన్నుమూశాక, మర్నాడు అల్వాల్‌లోనే, తాను పెట్టిన మహాబోధి విద్యాలయం ఆవరణలో అంత్యక్రియలు జరిగాయి. గద్దర్ అనగానే నడివయసు దాటిన వాళ్లకు ముందుగా కళ్లముందు మెదిలేది ‘మా భూమి’ సినిమాలో గొంగడి, కర్రతో ఆయన పాడుతూ ఆడిన ‘బండెనక బండి గట్టి’.

సొంతంగా వందల పాటలు కట్టిన మనిషిని తెర మీద జనానికి పరిచయం చేసిన ఆ పాట ఆయన రాసింది కాదు. తెలంగాణ సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన పాట. ఈ సంగతి తెలిసినవాళ్లు ఇప్పటికీ తక్కువే.

తూప్రాన్‌లో పుట్టిన గుమ్మడి విఠల్‌రావు చదువుకోసం హైదరాబాద్ వచ్చారు. 1970ల మొదట్లో బి. నర్సింగరావు పరిచయంతో పాట దారి పట్టారు. 1913 నాటి గదర్ పార్టీ పేరే ఆయన పేరయింది. జన నాట్య మండలి పుట్టాక కాళ్లకు గజ్జెలు కట్టి ఊరూరా తిరిగారు. 1975లో కెనరా బ్యాంకులో ఉద్యోగం, 1984లో రాజీనామా. ‘మా భూమి’ ఈ రెంటి నడుమ వచ్చింది. అంటే పగలు బ్యాంకు లెడ్జర్లు, పొద్దుగూకితే పాట అన్నట్టు బతికిన రోజులవి.

కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా గౌతమ్ ఘోష్ దర్శకత్వం వహించిన ఆ సినిమాను నర్సింగరావు, జి. రవీంద్రనాథ్ నిర్మించారు. 1979లో తయారై, మరుసటేడు థియేటర్లకు వచ్చింది. నా ఉద్దేశంలో దాని అసలు ఘనత కథ కంటే పాటల దగ్గరే ఉంది. కొత్త పాటలు రాయించుకోవడం నిర్మాతలకు కష్టమేం కాదు. గద్దర్ దగ్గరే బోలెడున్నాయి. కానీ 1946లో మొదలై 1951లో ముగిసిన పోరాటం గురించి చెప్పడానికి, ఆ పోరాటంలో జనం నోళ్లలో నలిగిన పాటలే తెచ్చుకున్నారు. సుద్దాల హనుమంతు ‘పల్లెటూరి పిల్లగాడా’ను సంధ్య పాడారు. యాదగిరి పాట గద్దర్‌కు వచ్చింది. ఆ పోరాటంలో తొలి అమరుడు దొడ్డి కొమరయ్య కడివెండిలో నేలకొరిగి అప్పటికి మూడు దశాబ్దాలు దాటింది. ఆ పాటలు కట్టినవాళ్లు, పాడినవాళ్లు చాలామంది కనుమరుగయ్యారు. రికార్డు కాకపోయుంటే కొన్ని పాటలు వాళ్లతోపాటే పోయేవి.

పడమటి దేశాల్లో దీన్ని కవర్ పాట అంటారు. ఒకరి పాటను మరొకరు మళ్లీ రికార్డు చేయడం. బాబ్ డిలాన్ 1962లో తెచ్చిన మొదటి ఆల్బమ్‌లో 13 పాటలుంటే సొంతవి రెండే. తక్కినవి పాత జానపదాలు, ఇతరుల పాటలు. సొంత పాటలు రాయడంలో పేరు మోసిన బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ 2006లో పీట్ సీగర్ పాడగా జనానికెక్కిన పాటలతో ఒక ఆల్బమే చేశాడు. మన దగ్గరా ఇది కొత్త కాదు. కరుణశ్రీ పద్యాలు ‘పుష్పవిలాపం’ ఘంటసాల గొంతులో ఇంటింటికీ వెళ్లాయి. శంకరంబాడి సుందరాచారి రాసిన ‘మా తెలుగు తల్లికి’ని టంగుటూరి సూర్యకుమారి గ్రామఫోన్ రికార్డు మీద పాడాకే ఊరూరా మోగింది. అయితే ఒక తేడా ఉంది. ఘంటసాల, సూర్యకుమారి పాడినవి కాగితం మీద నిలిచిన, పేరున్న కవుల రచనలు. యాదగిరి పాట నోటి నుంచి నోటికి వచ్చింది. ఎవరు పాడితే వాళ్లదైపోతుంది.

ఎందుకంటే ఆ పాట కట్టుబడే అలాంటిది. ఒకరు ఎత్తుకుంటే గుంపు అందుకుంటుంది. పల్లవి కదలదు, చరణాలు మాత్రం ఎన్నయినా చేరతాయి. తిట్టవలసిన దొర మారితే పేరూ మారుతుంది. పాట నడిమధ్య ఆగి మాట్లాడటం, ఆ రోజు ఊళ్లో జరిగిన ముచ్చటను అప్పటికప్పుడు చరణంలో ఇరికించడం గద్దర్‌కు వెన్నతో పెట్టిన విద్య. తల్లి లచ్చుమమ్మ పాడిన బాణీల్లోంచే తన పాట వచ్చిందని ఆయన చెప్పుకొన్నారు కూడా. అలాంటి గాయకుడి చేతిలో పడ్డ పాత పాట మ్యూజియం వస్తువులా ఉండదు. తెలంగాణ ఉద్యమంలో, పాట నిలదీసే నైజాం సర్కారు స్థానంలో కొత్త సర్కార్లను నిలబెట్టి అదే వరసలో జనం పాడుకున్నారంటే కారణం అదే.

దీనికి ఇంకో ముఖం కూడా ఉంది. గొంతు పెద్దదైనకొద్దీ కట్టినవాడి పేరు మరుగున పడుతుంది. సినిమా చూసినవాళ్లలో ఎక్కువమంది అది గద్దర్ పాటే అనుకున్నారు, ఇప్పటికీ అంటారు. ఇందులో గద్దర్ తప్పేమీ కనపడదు. ఆయన పాడకపోతే పేరుతోపాటు పాటా పోయేదేమో. తప్పంటూ ఉంటే వినేవాళ్లమైన మనదే. గాయకుడు తెర మీద కనిపిస్తే చాలు, రాసింది ఎవరని అడగం. సుద్దాల హనుమంతు విషయంలో కొడుకు అశోక్ తేజ సినీ కవిగా పేరు తెచ్చుకోవడం వల్ల తండ్రి పేరూ నలుగురి నోట నిలిచింది. యాదగిరికి అలాంటి అండ దొరకలేదు.

తెలంగాణ ప్రభుత్వం సినిమా అవార్డులకు గద్దర్ పేరు పెట్టింది. 2025 జూన్‌లో తొలిసారి అందజేసింది. మంచిదే. ఇకమీదట ఏ సభలోనైనా, ఏ టీవీ పోటీలోనైనా ‘బండెనక బండి గట్టి’ ఎత్తుకునే పిల్లలు, వాళ్లకు నేర్పే పెద్దలు ఒక్క పని చేయండి. గద్దర్ పాడిన పాట అని చెప్పే ముందు, బండి యాదగిరి కట్టిన పాట అని చెప్పండి.