క్రీడాజట్ల డాక్యుమెంటరీలు: హైదరాబాద్ తూర్పు శివార్లు

జట్టునూ, దాన్ని పెంచిన బస్తీనీ ఒకే చట్రంలో చూపే కథేతర చిత్రాలకు ప్రపంచంలో అర్ధశతాబ్దపు చరిత్ర ఉంది. 1970ల మధ్యలో జెర్రీ లీచ్, గ్యారీ కిల్డియా తీసిన ‘ట్రోబ్రియాండ్ క్రికెట్’ వాటిలో ముందు చెప్పుకోవలసినది. మిషనరీలు నేర్పిన ఆటను పాపువా న్యూగినీ ద్వీపవాసులు తమ పండగగా మార్చుకున్న తీరు అందులో కనిపిస్తుంది. జట్టుకు పదకొండుమందే అన్న లెక్క ఉండదు. ఒక్క వికెట్ పడితే చాలు, ఫీల్డర్లంతా మైదానంలోనే నాట్యం చేస్తారు. 1994 నాటి ‘హూప్ డ్రీమ్స్’లో స్టీవ్ జేమ్స్ షికాగో కుర్రాళ్ళిద్దరి బాస్కెట్‌బాల్ ఆశలతోపాటు కరెంటు కోసేసిన ఇంటినీ చూపాడు. ఆట ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పనిదే ఆట కథ పూర్తికాదన్నది ఈ చిత్రాల పట్టు.

ఇలాంటి చిత్రాలకు కావలసిన సరుకు హైదరాబాద్‌లో ఏనాడూ తక్కువ కాలేదు. సయ్యద్ అబ్దుల్ రహీం తీర్చిదిద్దిన సిటీ పోలీస్ ఫుట్‌బాల్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆయన కోచ్‌గా ఉండగానే భారత్ 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచి, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణం తెచ్చుకుంది. ఆ రెండు జట్లలోనూ ఆడిన తులసీదాస్ బలరామ్‌ది సికింద్రాబాద్ పక్కనున్న అమ్ముగూడ. 1948లో ఏర్పడిన ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీళ్ళకు మాత్రం ఫలితమే ముఖ్యంగా ఉండేది. తూర్పు శివార్లలోని ఉప్పల్ స్టేడియంలో 2005 నవంబరులో అంతర్జాతీయ క్రికెట్ మొదలయ్యాక టీవీ కెమెరాలు వచ్చాయి, అవీ గేటు దాటి కాలనీల్లోకి వెళ్ళింది తక్కువ. ఎన్టీ రామారావు స్టూడియో ఉన్న నాచారంలో కెమెరాకు కొదవ లేదు. కాకపోతే ఆ కెమెరా కల్పిత కథలకు అంకితమైంది.

రహీం జీవితంపై 2024లో ‘మైదాన్’ వచ్చింది కదా, ఇంకేం కావాలని అడగవచ్చు. కథాచిత్రం సంఘటనల్ని కుదించవచ్చు, పాత్రల్ని కలపవచ్చు; అది దాని హక్కు, అందుకే అది సాక్ష్యం కాలేదు. పాత ఫుటేజీ లేకుండా డాక్యుమెంటరీ ఎలా అన్నది మరింత బలమైన అభ్యంతరం. అయితే పైన చెప్పిన రెండు చిత్రాలూ నిలబడింది పాత రీళ్ళ మీద కాదు, మనుషుల దగ్గర కూర్చుని తీసిన దృశ్యాల మీద. ఇక ఖర్చు, నైపుణ్యం అంటారా? జహీరాబాద్ ప్రాంతంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీకి చెందిన దళిత రైతు మహిళలు తామే కెమెరా పట్టి, తమ సేద్యం మీద, విత్తనాల మీద చిత్రాలు తీశారు. చదువు లేదన్నది వాళ్ళకు అడ్డు కాలేదు. పొలానికి పనికొచ్చిన పద్ధతి మైదానానికి పనికిరాకపోవడానికి కారణం కనిపించదు.

బలరామ్ 2023 ఫిబ్రవరిలో, ‘మైదాన్’ విడుదలకు ఏడాది ముందే, కన్నుమూశారు. అలాంటి సాక్షులు ఇంకా మిగిలి ఉండగానే ఉప్పల్, నాచారం, నాగారం యువకులు ఫోనుతోనైనా సరే, తమ పేటల్లోని పాత ఆటగాళ్ళ, రిఫరీల, మైదానం చూసుకున్న మనుషుల మాటలు ఇప్పుడే రికార్డు చేయాలి.